లిస్టులో పేరు లేకపోతే: మార్కెట్ కమిటీ ఎన్నికల ఓటరు జాబితా గొడవ, హైకోర్టు దాకా దారి

రెండేళ్ల కిందట ఒక ఆదివారం పొద్దున్నే ఫోన్ మోగింది. చేసినాయన వరసకు నాకు బావ. సొంతూరు అనకాపల్లి దగ్గర, గుజరాత్ వెళ్లిపోయి ఇరవై ఏళ్లు దాటింది. అక్కడ ఒక మార్కెట్ యార్డులో లైసెన్సు తీసుకుని, మన పాడేరు వైపు పసుపు, చింతపండు తెప్పించి అమ్ముకుంటాడు. "బావా, యార్డు ఎలక్షన్ లిస్టులోంచి నా పేరు లేపేశారు. విశాఖలోనే కేసు వేసేద్దామా? నువ్వున్నావు కదా" అన్నాడు.

నేను మహారాణిపేట కోర్టుల చుట్టూ తిరిగే వకీలుని. ఆ మాటలో రెండు తప్పులు అప్పటికప్పుడే కనబడ్డాయి. ఆ కేసు విశాఖలో పడదు. ఎక్కడ పడినా, ముందు వేయాల్సింది కేసు కాదు, అభ్యంతరం. మూడో తప్పు ఉందని నాలుగు రోజులకి గానీ తెలియలేదు. దాని సంగతి తర్వాత చెబుతాను.

ఆ ఆరు వారాల్లో ఆయనకు ఫోన్లో చెప్పినవి, చెప్పే ముందు నేను మళ్లీ తిరగేసి సరిచూసుకున్నవి ఇక్కడ వరసగా పెడుతున్నాను.

ముందు మన రాష్ట్రం సంగతి

ఆంధ్రప్రదేశ్‌లో వ్యవసాయ మార్కెట్ కమిటీలు 1966 నాటి మార్కెట్ల చట్టం కింద నడుస్తాయి. చైర్మన్‌నీ, సభ్యులనీ ప్రభుత్వం నామినేట్ చేసి జీవో ఇస్తుంది. అందుకే అనకాపల్లి బెల్లం మార్కెట్‌లో ఎంత పెద్ద వర్తకుడైనా ఓటరు లిస్టు కోసం కొట్లాడడు. ఇక్కడ పోటీ అంతా జీవోలో పేరు కోసమే. అర్హత లేనివాడిని పదవిలో కూర్చోబెట్టారని మీకు అనుమానం ఉంటే దానికి కో వారంటో రిట్ అనే వేరే దారి ఉంది (రిట్ అంటే అధికారుల చర్య మీద నేరుగా హైకోర్టులో వేసే పిటిషన్). ఆ పదవిలో ఏ అధికారంతో కూర్చున్నావో చెప్పమని కోర్టు అడుగుతుంది. ఓటరు లిస్టుతో దానికి సంబంధం లేదు.

అయినా విశాఖ వాళ్లకి ఈ సంగతులు పనికొస్తాయని ఎందుకు అంటున్నానంటే, ఒకటి, గుజరాత్, మహారాష్ట్ర, కర్ణాటక యార్డుల్లో మనవాళ్లు చాలామంది వ్యాపారం చేస్తున్నారు. అక్కడ ఎన్నికలు జరుగుతాయి. రెండు, సొసైటీలు, సాగునీటి సంఘాలు మనకీ ఉన్నాయి. 2024 డిసెంబరులో సాగునీటి సంఘాల ఎన్నికలు జరిగినప్పుడు ఆయకట్టు రైతుల జాబితాలు ఊళ్లలో చేతులు మారాయి. చట్టం వేరే, గడువులు వేరే. కానీ జాబితాలో పేరు గురించి కోర్టుకెక్కిన మనిషిని జడ్జి అడిగే మొదటి ప్రశ్న ఎక్కడైనా ఒకటే: లిస్టు గోడ మీద ఉన్న రోజుల్లో నువ్వేం చేశావు?

మొదటి మెట్టు: ఓటు ఎవరిదో తేల్చుకోండి

మార్కెట్ కమిటీ అనగానే రైతులందరూ వరసలో నిలబడి ఓటేస్తారని అనుకుంటాం. చాలాచోట్ల అలా ఉండదు. గుజరాత్ చట్టం 1963 నాటిది, రూల్స్ 1965 నాటివి. అక్కడ రైతుల విభాగంలో ఓటు వేసేది వ్యవసాయ రుణాలిచ్చే సహకార సంఘాల పాలకవర్గ సభ్యులు. మామూలు రైతుకి నేరుగా ఓటు లేదు. వర్తకుల విభాగంలో ఓటు లైసెన్సు ఉన్నవాళ్లది. ఏ విభాగానికి ఆ విభాగం లిస్టు విడిగా తయారవుతుంది.

మహారాష్ట్రలో సొసైటీల పాలకవర్గాలు, గ్రామ పంచాయతీ సభ్యులు, వర్తకులు, కమీషన్ ఏజెంట్లు, హమాలీలు, కాటాదారులు అని ఇంకా చీలికలున్నాయి. 2017లో అక్కడ చట్టం సవరించి రైతుకే నేరుగా ఓటిచ్చారు. కనీసం 10 గుంటల భూమి ఉండాలి, మన లెక్కలో 25 సెంట్లు. అయిదేళ్లలో మూడుసార్లయినా ఆ యార్డులో సరుకు అమ్మి ఉండాలి. కొత్త ప్రభుత్వం వచ్చాక 2020లో ఆ పద్ధతిని వెనక్కి తీసుకోవాలని నిర్ణయించింది. నా ఉద్దేశంలో రైతు మార్కెట్‌కి రైతే ఓటరు కావడంలో తప్పేం లేదు. కానీ కోర్టులో నా ఉద్దేశానికి విలువ లేదు. ఓటు హక్కు చట్టం ఇచ్చిన హక్కు, చట్టం ఎంత ఇస్తే అంతే. 1982లో జ్యోతి బసు కేసులో సుప్రీంకోర్టు ఆ మాటే చెప్పింది.

కాబట్టి మొట్టమొదట మీరు ఏ విభాగంలో ఓటరని చెప్పుకుంటున్నారో, ఆ విభాగానికి రూలు ఏ అర్హత పెట్టిందో ఒక కాగితం మీద రాసుకోండి. రూల్స్ కొత్త ప్రతి చూడండి. గుజరాత్ చట్టాన్ని 2020లో సవరించి పేరు కూడా మార్చారు. పాత పుస్తకం పట్టుకుని వాదిస్తే మొదటి నిమిషంలోనే పరువు పోతుంది. నేను ఇక్కడ చెప్పే రూలు నంబర్లు, గడువులు కూడా మీ ఎన్నిక నోటిఫికేషన్‌తో ఒకసారి సరిపోల్చుకోండి.

గొడవలు సాధారణంగా ఎక్కడ పుడతాయో కూడా తెలిసి ఉండాలి. ఎన్నికలకి ఆరు నెలల ముందు పుట్టగొడుగుల్లా కొత్త సొసైటీలు రిజిస్టరవుతాయి. అవి నిజంగా రుణాలిస్తున్నాయా, కాగితం మీదే ఉన్నాయా అని తగువు. పాలకవర్గం రద్దయిన సొసైటీ నుంచి పాత పేర్లే వచ్చాయని తగువు. ఒకే ఇంట్లో అత్తకీ, కోడలికీ, బావమరిదికీ ఒక్కరోజులో లైసెన్సులిచ్చారని తగువు. లైసెన్సు రెన్యువల్ డబ్బు కట్టినా రిజిస్టర్‌లో ఎక్కలేదని తగువు. ఇవి కాక పేర్లలో తప్పులు, చనిపోయినవాళ్లు.

రెండో మెట్టు: గోడ మీది లిస్టు

అసలు కేసు గెలిచేదీ ఓడేదీ ఇక్కడే. అందుకే ఈ మెట్టు మీద కాస్త ఎక్కువసేపు ఆగుదాం.

గుజరాత్ 8వ రూలు ప్రకారం అధీకృత అధికారి, అంటే లిస్టు తయారుచేసే అధికారం ఇచ్చిన ఆఫీసరు, తాత్కాలిక లిస్టుని మార్కెట్ కమిటీ ఆఫీసులోనూ, ప్రధాన యార్డులో అందరికీ కనబడేచోటా అంటించాలి. దానితోపాటు ఒక నోటీసు కూడా. పేరు లేనివాళ్లు, పేరు తప్పుగా పడినవాళ్లు, ఇంకొకరి పేరు అన్యాయంగా ఎక్కిందనుకున్నవాళ్లు 14 రోజుల్లో దరఖాస్తు పెట్టుకోవచ్చు. అధికారి వాటిని తేల్చి సవరించిన లిస్టు అంటిస్తాడు. అప్పుడు మరో 7 రోజులు ఇస్తారు. ఇక్కడే చాలామంది బోల్తా పడతారు. ఆ 7 రోజులు అందరికీ కాదు. సవరించిన లిస్టులో కొత్తగా ఎక్కిన పేర్ల మీద అభ్యంతరం చెప్పడానికి మాత్రమే. 14 రోజుల్లో నోరు మెదపనివాడు ఈ 7 రోజుల్లో వచ్చి నా పేరు ఎక్కించండి అంటే రూలు ఒప్పుకోదు. ఆ తర్వాత తుది లిస్టు.

మా బావ ఫోన్ చేసింది తొమ్మిదో రోజు. గుమస్తాకి నోటితో చెప్పి వచ్చానన్నాడు. "రాసుకున్నాం, అయిపోతుంది వెళ్లండి" అన్నాడట ఆ గుమస్తా. నోటిమాట గాలికి పోతుందని నేను గట్టిగా అంటే ఆయనకి కాస్త కోపం కూడా వచ్చింది.

"బోర్డు ఫొటో తీశావా?"

"నా పేరే లేనప్పుడు ఫొటో ఎందుకు బావా?"

పేరు లేదని చెప్పడానికే ఫొటో కావాలి. మర్నాడు మళ్లీ పంపించాను. లిస్టు ప్రతి పేజీ ఫొటో తీయించాను. పేజీలు అంటించిన బోర్డు మొత్తం, పక్కన యార్డు గేటు కనబడేలా ఇంకొకటి. ఆ రోజు పేపరు బోర్డు పక్కన పట్టుకోమన్నాను. ఫోన్ ఫొటోలో తేదీ ఉంటుంది కదా అంటారు. ఉంటుంది, కానీ ఎదుటివాడి వకీలు ఫోన్ తేదీ మార్చుకోవచ్చు అంటాడు. పేపరు తేదీని మార్చలేడు.

పేజీలన్నీ చేతికొచ్చాక, పేరు వదిలేసి లైసెన్సు నంబరుతో వెతకమన్నాను. అప్పుడు బయటపడింది ఆ మూడో తప్పు. లైసెన్సు నంబరు ఆయనదే, దుకాణం నంబరు ఆయనదే, పేరు మాత్రం వాళ్ల నాన్నది. మావయ్య పోయి తొమ్మిదేళ్లు. అక్కడ పేరు రాసే వరస ఇంటిపేరు, సొంతపేరు, తండ్రిపేరు. మన పేర్లలో తండ్రిపేరు రాదు, ఇంటిపేరేమో ఒక పొడి అక్షరం. ఎవరో దరఖాస్తులోంచి ఎక్కించేటప్పుడు గళ్లు తారుమారయ్యాయి. ఎవరూ కావాలని లేపేసింది కాదు. ఆయన పేరు లేపేశారని కేసు వేసి ఉంటే, మీ లైసెన్సు లిస్టులోనే ఉంది కదా అని మొదటి వాయిదాలోనే కొట్టేసేవారు.

లిస్టులో పేరు లేకపోవడం, ఉన్నది తీసేయడం, తప్పుగా పడటం, ఈ మూడింటినీ ఒకే గాటన కట్టకండి. ముందు లిస్టులో ఉన్న పేరు తీసేస్తే, తీసే ముందు మీకు నోటీసు ఇచ్చారా అన్నది మీ ప్రధాన ఆయుధం. అసలు ఎక్కకపోతే, అడగాల్సిన బాధ్యత మీది. తప్పుగా పడితే, ఆ మనిషిని నేనే అని రుజువు చేయాల్సిన బరువు మీది.

మూడో మెట్టు: అభ్యంతరం రాయడం

ఒక పేజీ చాలు. ఏ రూలు కింద ఇస్తున్నారో మొదటి వాక్యంలోనే రాయండి. ఏ పేజీ, ఏ వరుస సంఖ్య, ఏముంది, ఏముండాలి. ఆధారాలకి నంబర్లు వేసి జతచేయండి: లైసెన్సు, రెన్యువల్ రశీదు, గుర్తింపు కార్డు. సొసైటీ సభ్యులైతే పాలకవర్గం తీర్మానం, ఎన్నికైనట్టు రిజిస్ట్రార్ ఆఫీసు ఇచ్చిన కాగితం. చివరి వాక్యం మర్చిపోకూడదు: "నా దరఖాస్తుని తిరస్కరించే ఆలోచన ఉంటే ముందు నన్ను పిలిచి విచారించండి, కారణాలు రాతపూర్వకంగా ఇవ్వండి." రేపు రిట్ వేస్తే నిలబెట్టేది ఆ వాక్యమే.

రెండు ప్రతులు తీసుకెళ్లి, ఒకటి ఇచ్చి రెండో దాని మీద ముద్ర, తేదీ, సంతకం వేయించుకోవాలి. ముద్ర వేయరు. సోమవారం రమ్మంటారు, ఆఫీసరు టూర్‌లో ఉన్నారంటారు. వాదన పెట్టుకోకుండా అదే కాగితాన్ని అదే రోజు స్పీడ్ పోస్టులో పంపి, స్కాన్ చేసి ఆఫీసు ఈమెయిల్‌కీ, జిల్లా అధికారికీ పంపేయండి. గడువు చివరి రోజు దాకా ఆగొద్దు. బావ పదమూడో రోజు ఇచ్చాడు. నేను పదకొండో రోజే ఇమ్మన్నాను, కానీ ఇంట్లో పెళ్లి.

ఇంకొకరి పేరు మీద అభ్యంతరం అయితే ఒక్కొక్కరికి ఒక్కో కాగితం. "140 మంది బోగస్ ఓటర్లు" అని ఒకే దరఖాస్తు పడేస్తే, అధికారి ఒకే వాక్యంతో కొట్టేస్తాడు, కోర్టు కూడా వివరాలు లేవంటుంది. ఓపిక లేకపోతే గట్టిగా రుజువున్న పది పేర్లు పట్టుకోండి.

సమాచార హక్కు దరఖాస్తు మీద మాత్రం ఈ దశలో ఆశ పెట్టుకోకండి. దానికి జవాబివ్వడానికి 30 రోజులు టైముంది. ఈలోపు పోలింగ్ కూడా అయిపోవచ్చు. రూల్స్ కింద లిస్టు చూసే హక్కు ఎటూ ఉంది. వెళ్లి చూడండి, రాసుకోండి, నకలు అడగండి.

నాలుగో మెట్టు: కోర్టు ఎందుకు వెనకాడుతుంది

అధికారి దరఖాస్తు తిరస్కరించగానే కడుపు మండుతుంది. వెంటనే హైకోర్టు, స్టే అనిపిస్తుంది. అక్కడే ఒక్క క్షణం ఆగి, కోర్టు ఎలా ఆలోచిస్తుందో చూడాలి.

ఈ కథ 1951లో నామక్కల్ దగ్గర మొదలైంది. అప్పుడది మద్రాసు రాష్ట్రం. పొన్నుస్వామి అనే అభ్యర్థి నామినేషన్ తిరస్కరించారు. ఆయన హైకోర్టుకి, అక్కడి నుంచి సుప్రీంకోర్టుకి వెళ్లారు. 1952లో సుప్రీంకోర్టు చెప్పింది: ఎన్నిక అంటే పోలింగ్ ఒక్కటే కాదు, నోటిఫికేషన్ నుంచి ఫలితం దాకా నడిచే మొత్తం వ్యవహారం. మధ్యలో ఏ దశలో తప్పు జరిగినా, ఫలితం వచ్చాక ఎన్నికల పిటిషన్‌లోనే తేల్చుకోవాలి.

అయితే ఆ తీర్పు వెనక రాజ్యాంగం 329వ అధికరణం ఉంది. అది పార్లమెంటు, అసెంబ్లీ ఎన్నికలకి. పంచాయతీలకి 243-ఓ, మున్సిపాలిటీలకి 243-జెడ్‌జీ అలాంటి అడ్డుగోడలే కట్టాయి. మార్కెట్ కమిటీకి రాజ్యాంగంలో అలాంటి గోడ లేదు. అంటే హైకోర్టు తలుపు మూసి లేదు. కానీ తలుపు దగ్గర ఒక కాపలావాడు ఉంటాడు: రూల్స్‌లోనే మీకు వేరే పరిహారం ఉందిగా, అది వదిలి ఇక్కడికెందుకొచ్చారు అని అడుగుతాడు. ఇది కోర్టు తనకు తాను పెట్టుకున్న నిగ్రహం. ఈ తేడా వాదనలో చాలా అక్కరకొస్తుంది. నిషేధాన్ని దాటలేం, నిగ్రహాన్ని సడలించమని అడగొచ్చు.

ఇక్కడ తెలివైన వకీళ్లు 1985 నాటి లక్ష్మీచరణ్ సేన్ కేసు తీస్తారు. ఓటరు జాబితా తయారీ ఎన్నికలో భాగం కాదని అందులో సుప్రీంకోర్టు అన్నమాట నిజమే. కానీ అది అసెంబ్లీ ఓటర్ల జాబితా గురించి. ఆ జాబితా ఎన్నిక ఉన్నా లేకపోయినా ఎప్పుడూ ఉంటుంది, ఏటా సవరిస్తారు. యార్డు లిస్టు అలా కాదు. ఈ ఎన్నిక కోసమే పుడుతుంది, దీనితోనే పోతుంది. 2001లో సంత్ సద్గురు జనార్దన్ స్వామి పాల ఉత్పత్తిదారుల సంఘం కేసులో, మహారాష్ట్ర సహకార ఎన్నికల గురించి, సుప్రీంకోర్టు ఇదే తేడా పట్టుకుంది. ఆ రూల్స్ కింద జాబితా తయారీ ఎన్నికల ప్రక్రియలో ఒక మధ్య దశేనని, ప్రక్రియ మొదలయ్యాక హైకోర్టు మామూలుగా చెయ్యి పెట్టకూడదని చెప్పింది.

గుజరాత్ హైకోర్టు ఫుల్ బెంచ్ దహేడా గ్రూప్ సేవా సహకారి మండలి కేసులో దీన్ని సూటిగా మార్కెట్ కమిటీలకి వర్తింపజేసింది. లిస్టులో పేర్లు చేర్చడం, తీసేయడం అనేవి రిట్ వేయాల్సినంత అసాధారణ పరిస్థితి కాదు, 28వ రూలు కింద ఎన్నికల పిటిషన్ ఉంది, అక్కడికి వెళ్లండి అని. గుజరాత్‌లో ఈ గొడవ మీద రిట్ వేసేవాడు ముందు ఆ తీర్పు చదవాలి. అవతలి వకీలు దాన్ని చేతిలో పట్టుకునే లేస్తాడు.

అయిదో మెట్టు: రిట్ ఎప్పుడు నిలబడుతుంది

వేరే పరిహారం ఉన్నా రిట్ వినదగ్గ సందర్భాలు నాలుగని 1998లో వర్ల్‌పూల్ కేసులో సుప్రీంకోర్టు లెక్క చెప్పింది: ప్రాథమిక హక్కు కోసం వచ్చినప్పుడు, సహజ న్యాయం (ఎదుటివాడి మాట వినకుండా తేల్చకూడదన్న నియమం) ఉల్లంఘించినప్పుడు, అధికారమే లేని అధికారి పని చేసినప్పుడు, చట్టం చెల్లుబాటునే సవాలు చేసినప్పుడు. అది ట్రేడ్‌మార్కు కేసు, కానీ సూత్రం అన్నిచోట్లా వాడతారు.

దీన్ని యార్డు భాషలోకి తెస్తే ఇలా ఉంటుంది. అధీకృత అధికారి కానివాడు లిస్టు తయారుచేశాడు. తాత్కాలిక లిస్టు అసలు అంటించకుండానే తుది లిస్టు దించేశారు. ఉన్న పేరు నోటీసు లేకుండా తీసేశారు. రూలుకి తప్పుడు అర్థం చెప్పి ఒక రకం సొసైటీలన్నింటినీ ఒక్క కలంపోటుతో కోసేశారు. ఇలాంటి వాటిలో సాక్షుల్ని విచారించే పని లేదు, కాగితాలు పక్కపక్కన పెడితే తప్పు కనబడుతుంది. కోర్టు వినే అవకాశం ఉంటుంది.

ఆ సంతకం నిజమా కాదా, ఆ సొసైటీ నిజంగా రుణాలిచ్చిందా, ఆ మనిషి ఆ దుకాణంలో వ్యాపారం చేస్తున్నాడా అన్నవి వాస్తవాల తగువులు. అఫిడవిట్ల మీద నడిచే రిట్‌లో ఇవి తేలవు. బలం ఎంతున్నా వాపసు పంపిస్తారు.

ఇంకొక సంగతి, మీరు అడిగేది ఎన్నికని ఆపేదిగా ఉందా, సాఫీగా నడిపించేదిగా ఉందా అని జడ్జి చూస్తారు. 2000లో అశోక్ కుమార్ కేసులో సుప్రీంకోర్టు ఈ గీత గీసింది. ఎన్నిక ముందుకు సాగడానికి తోడ్పడే ఉత్తర్వు ఇవ్వొచ్చు, దాన్ని ఆపే, సాగదీసే ఉత్తర్వు ఇవ్వడానికి మాత్రం చాలా జాగ్రత్త పడాలి. అది అసెంబ్లీ, పార్లమెంటు ఎన్నికల సందర్భమే అయినా హైకోర్టులు ఇక్కడా అదే స్ఫూర్తితో చూస్తాయి. అందుకే "ఎన్నికలపై స్టే ఇవ్వండి" అని అడిగేవాళ్లకంటే "నన్ను ఓటెయ్యనివ్వండి" అని అడిగేవాళ్లకి దారి దొరకడం తేలిక.

అన్ని గడువులూ దాటిపోయాక కూడా కోర్టు కలగజేసుకున్న కేసు ఒకటుంది. తమిళనాడు లాల్‌గుడిలో 1984లో గెలిచిన ఎమ్మెల్యే వెంకటాచలం పేరు అసలు ఆ నియోజకవర్గం జాబితాలోనే లేదు. అదే పేరున్న ఇంకొక ఓటరుని తానేనని చెప్పి నామినేషన్ వేశారు. ఓడిన అభ్యర్థి ఎన్నికల పిటిషన్ కాకుండా రిట్ వేశారు. ఎన్నికకే అర్హత లేనివాడు సభలో కూర్చోకూడదని 1999లో సుప్రీంకోర్టు ఆ రిట్‌ని నిలబెట్టింది. ఇది చదివి ధైర్యం తెచ్చుకోండి గానీ దీన్నే నమ్ముకోకండి. నూటికి ఒక్క కేసులో కూడా ఇంత నగ్నమైన మోసం దొరకదు.

ఆరో మెట్టు: రిట్ వేయడం

ఎక్కడ? 226వ అధికరణం రెండో ఖండం 1963లో చేర్చింది. వివాదం ఎక్కడ పుట్టిందో అక్కడి హైకోర్టుకి అధికారం ఉంటుంది. గుజరాత్ యార్డు అయితే అహ్మదాబాద్‌లోని గుజరాత్ హైకోర్టు. మీ ఇల్లు గాజువాకలో ఉందని కేసు అమరావతికి రాదు. విశాఖ జిల్లా కోర్టుకి రిట్ వినే అధికారమే లేదు, మన రాష్ట్రం విషయాలకైనా 2019 జనవరి 1 నుంచి రాత్రి బండెక్కి అమరావతి వైపే వెళుతున్నాం. సోలాపూర్‌లో మన తెలుగువాళ్లు చాలామంది. వాళ్లకి 2025 ఆగస్టు నుంచి బాంబే హైకోర్టు కొల్హాపూర్ బెంచ్ దగ్గరైంది.

ఎవరి మీద? రాష్ట్ర ప్రభుత్వం, మార్కెటింగ్ డైరెక్టర్, అధీకృత అధికారి, ఎన్నికల అధికారి, మార్కెట్ కమిటీ. ఇంతవరకు అందరూ రాస్తారు. మర్చిపోయేది ఎవరిని? ఎవరి పేరు తీసేయమంటున్నారో వాళ్లని. వాళ్లని పార్టీ చేయకుండా వాళ్ల ఓటు తీసేయమంటే కోర్టు అడుగు ముందుకు వేయదు. అది న్యాయం కూడా, మీకు నోటీసు ఇవ్వలేదని మీరే కదా ఏడుస్తున్నారు.

అఫిడవిట్‌లో తేదీల పట్టిక ముందు పెట్టండి. తాత్కాలిక లిస్టు ఎప్పుడు, మీ దరఖాస్తు ఎప్పుడు, తిరస్కరణ ఎప్పుడు మీ చేతికొచ్చింది, నామినేషన్లు ఎప్పుడు, పోలింగ్ ఎప్పుడు. తిరస్కరణకీ రిట్‌కీ మధ్య రోజులు పెరిగేకొద్దీ మీ బలం కరిగిపోతుంది. అయిదు రోజుల్లో వేసినవాడికీ, పోలింగ్ ముందురోజు సాయంత్రం పరిగెత్తినవాడికీ ఒకే జడ్జి రెండు ముఖాలతో కనబడతారు. వేరే పరిహారం ఉన్న సంగతి దాచకండి. 28వ రూలు ఉందని మీరే రాసి, అది ఈ కేసులో ఎందుకు సరిపోదో ఒక పేరాలో చెప్పండి. అవతలివాళ్లు చెబితే అది దాపరికంలా కనబడుతుంది.

ఏం అడగాలి? మెట్లు మెట్లుగా అడగండి. పెద్ద కోరిక: తిరస్కరణ రద్దు చేసి లిస్టు సరిచేయించండి. అది కాకపోతే: నా మాట విని, కారణాలతో రెండు రోజుల్లో మళ్లీ నిర్ణయించమనండి. అదీ కాకపోతే: నన్ను ఓటెయ్యనిచ్చి, నా బ్యాలెట్ విడిగా సీల్డ్ కవర్‌లో పెట్టించండి, అది లెక్కించాలా వద్దా తర్వాత తేల్చండి. ఏదీ కుదరకపోతే: ఎన్నికల పిటిషన్‌లో ఈ అభ్యంతరం లేవనెత్తే హక్కు నాకుందని ఉత్తర్వులో రాయండి. ఆఖరిది చిన్నదిగా కనిపిస్తుంది. కానీ రిట్ ఓడినా ఆ ఒక్క వాక్యం చేతిలో ఉంటే పిటిషన్‌లో మొదటి మెట్టు ఎక్కేసినట్టే.

బావ కేసులో అధికారి "ఆధారాలు సరిపోలేదు" అని ఒక్క ముక్క రాసి కొట్టేశాడు. అహ్మదాబాద్‌లో ఒక వకీలుని పట్టుకుని రిట్ వేయించాం. లైసెన్సు ఎవరిదన్నది వాస్తవాల తగువు, 28వ రూలు ఉంది వెళ్లండి అన్నారు జడ్జి. సీల్డ్ కవర్ కోరిక కూడా ఇవ్వలేదు. ఆఖరి వాక్యం మాత్రం దొరికింది. ఆ రోజు ఫోన్లో బావ గొంతు నీరసంగా ఉంది. నాకు మాత్రం తీర్పు తప్పనిపించలేదు. పిలిచి విచారించకుండా కొట్టేశారన్న పాయింట్ మీద మా వకీలు ఇంకాస్త గట్టిగా నిలబడి ఉంటే బాగుండేది, అంతే.

ఏడో మెట్టు: ఫలితం వచ్చాక

28వ రూలు ఇచ్చే టైము ఫలితం ప్రకటించిన రోజు నుంచి 7 రోజులు. ఓటేసే అర్హత లేదా పోటీచేసే అర్హత ఉన్నవాళ్లు ఎవరైనా రాతపూర్వకంగా దరఖాస్తు చేయొచ్చు. డైరెక్టర్ వేరేవాళ్లకి అధికారమిచ్చి ఎన్నిక జరిపించి ఉంటే డైరెక్టర్‌కి. డైరెక్టరే ఎన్నికల అధికారిగా ఉంటే రాష్ట్ర ప్రభుత్వానికి. తప్పు గుమ్మంలో ఇచ్చి, వాళ్లు తిప్పి పంపేసరికి ఎనిమిదో రోజు వచ్చినవాళ్లు ఉంటారు. ఎన్నికల చట్టంలో గడువులు ఇనుప గడువులు, ఆలస్యం మాఫీ అవుతుందని ఎవరైనా అంటే నమ్మొద్దు. ఓట్ల లెక్కింపు నాటికే పిటిషన్ డ్రాఫ్ట్ సిద్ధంగా ఉండాలి, అంకెలు మాత్రం ఖాళీ వదిలి.

అంకెలు ఎందుకంటే, లిస్టులో తప్పు జరిగిందని చూపిస్తే సరిపోదు, ఆ తప్పు ఫలితాన్ని మార్చిందని చూపించాలి. గెలిచినవాడి మెజారిటీ 3, లిస్టులో అన్యాయంగా ఎక్కినవాళ్లు 9 అంటే కేసుకి ప్రాణముంది. వర్తకుల విభాగంలో ఓటర్లు తక్కువ కాబట్టి ఇలాంటి చిన్న తేడాలు మామూలే. గెలిచినవాళ్లని పార్టీ చేయడం, బ్యాలెట్లు, ఓటరు లిస్టు ఫైలు, మీ అభ్యంతరం మీద విచారణ రికార్డు భద్రపరచమని అదే రోజు విడిగా ఒక దరఖాస్తు ఇవ్వడం, ఈ రెండూ మరిచిపోవద్దు. కాగితం కాలిపోయాక కేసు గెలిచి లాభం లేదు.

ఆ పిటిషన్ మీద వచ్చే ఉత్తర్వుని ఎవరు ఓడినా మళ్లీ హైకోర్టుకి తీసుకెళ్తారు. న్యాయ సమీక్ష అన్న మాటకి అసలు అర్థం అప్పుడే కనబడుతుంది. హైకోర్టు అప్పీలు కోర్టులా సాక్ష్యాన్ని మళ్లీ తూకం వేయదు. సాక్ష్యం చూశారా, అసలే లేని సాక్ష్యం మీద తేల్చేశారా, రూలుని సరిగా చదివారా, ఇద్దరి మాటా విన్నారా, ఇంతవరకే. అందుకని చెప్పాల్సిందంతా డైరెక్టర్ ముందే చెప్పి రికార్డులోకి ఎక్కించాలి. అక్కడ దాచుకున్న కాగితం హైకోర్టులో తీస్తే పనికిరాదు.

ఇంకొక చేదు నిజం, కాలం. వాయిదాలు పడుతూ పడుతూ కమిటీ పదవీకాలమే అయిపోతే కేసు నిష్ఫలమైందని మూసేస్తారు. దీనికి మందు ఒక్కటే, మొదటి వాయిదా నుంచే త్వరగా తేల్చమని రాతపూర్వకంగా అడుగుతూ ఉండటం, మన వైపు నుంచి ఒక్క వాయిదా కూడా అడగకపోవడం.

బావ ఏడు రోజుల్లో అయిదో రోజు మళ్లీ ఫోన్ చేశాడు. ఆయన విభాగంలో గెలుపు తేడా 11 ఓట్లు. ఆయన ఓటు ఒక్కటి, పైగా గెలిచినవాళ్లు ఆయన మనుషులే. పిటిషన్ వేయొద్దన్నాను. లైసెన్సు రిజిస్టర్‌లో పేరు సరిచేయమని మాత్రం దరఖాస్తు పెట్టించాను, ఈసారి ముద్రతో సహా. సరిచేసిన లైసెన్సు ఫొటో మొన్న వాట్సాప్‌లో పంపాడు. పేరు సరిగానే ఉంది. దుకాణం నంబరు తప్పు పడింది.